సొసైటీ క్లర్క్‌కి కమిటీ ఎంతవరకు శిక్ష వెయ్యొచ్చు? బుచ్చి వైపు నుంచి వచ్చిన ఉత్తరానికి జవాబు

ఉత్తరం:

అక్కా నమస్తే. మాది నెల్లూరు జిల్లా, బుచ్చి దగ్గర పల్లె. మా ఊరి వ్యవసాయ సహకార సంఘంలో 19 ఏళ్ళుగా క్లర్క్‌ని, ఎరువుల గోడౌన్ కూడా నేనే చూస్తా. పోయిన రబీ నాట్లప్పుడు యూరియా కోసం జనం ఎగబడ్డారు, సీజన్ అయినాక స్టాక్ చూస్తే 42 బస్తాలు తక్కువొచ్చినాయి. త్రిసభ్య కమిటీ ఛైర్మన్ వాళ్ళింటికి పిలిపించి తప్పు నాదే అని కాగితం రాయించుకున్నాడు. ఆ రోజు నుంచి ఆఫీసుకి రావద్దన్నారు, ఆర్డర్ ఏమీ ఇవ్వలా. ఏడు నెలలు ఒక్క రూపాయి జీతం ల్యా. తర్వాత ఛార్జి మెమో అని "స్టాకులో అవకతవకలకు పాల్పడి సంఘానికి నష్టం కలిగించారు" అని ఒక్క లైను ఇచ్చారు. ఎంక్వైరీ అని ఒక రోజు పిలిచి ఛైర్మనే కూర్చుని నాలుగు ప్రశ్నలు అడిగి పంపేశాడు. ఇప్పుడు ఆర్డర్ వచ్చింది. మూడు ఇంక్రిమెంట్లు శాశ్వతంగా కట్, క్లర్క్ నుంచి అటెండర్‌గా దించారు, బస్తా 400 లెక్కన 16,800 రికవరీ, గ్రాట్యుటీ కూడా ఆపుతామని రాశారు. పైగా నా ఫోటోతో ఆ ఆర్డర్‌ని నోటీసు బోర్డులో అంటించారు. పోయినేడు రిటైరైన మా సెక్రటరీ గారిక్కూడా ఇప్పుడు ఛార్జి మెమో పంపారు. కోర్టుకి పోతే ఉద్యోగమే పీకేస్తాం అంటున్నారు. ఇన్ని శిక్షలు ఒకేసారి వెయ్యొచ్చా అక్కా? నేనిప్పుడు యాడికి పోవాల?

జవాబు:

తమ్ముడూ, మీ వాళ్ళు ఐదు శిక్షలు వేశారు గానీ అందులో ఫోటో అంటించడం, గ్రాట్యుటీ ఆపడం అనేవి ఈ ఆర్డర్‌లో ఉండాల్సినవే కాదు, నువ్వు క్లర్క్‌గానే చేరుంటే అటెండర్‌గా దించడం వాళ్ళ చేతిలో ఉన్న పని కాదు, మిగిలిన ఇంక్రిమెంట్లు, రికవరీ రెండూ సరైన ఎంక్వైరీ జరిగుంటేనే నిలబడతాయి. నువ్వు రాసింది నిజమైతే నీకు జరిగినదాన్ని ఎంక్వైరీ అనరు. కాబట్టి భయపడబాక. అట్టని నిర్లక్ష్యంగా కూడా ఉండబాక, ఎందుకో కింద చెప్తా, నీకు ఇబ్బంది కలిగించే సంగతి కూడా ఒకటుంది.

ముందు ఒకటి మనసులో పెట్టుకో. నువ్వు ప్రభుత్వ ఉద్యోగివి కాదు. రాజ్యాంగంలో 311 ఆర్టికల్ అని ఉంటది, దాని రక్షణ ప్రభుత్వ కొలువులో ఉన్నోళ్ళకే, సంఘం ఉద్యోగికి రాదు. ఇది విని చాలామంది కమిటీవాళ్ళు "మా సొసైటీ, మా ఇష్టం" అనుకుంటారు. అదే తప్పు. నీకు జీతమిచ్చేది సంఘం, సంఘానికి బైలాలు, అంటే సొంత నియమావళి, ఉన్నాయి, సర్వీస్ రూల్స్ ఉన్నాయి, 2019లో జీవో 36 అని హెచ్ఆర్ పాలసీ వచ్చింది, దాన్ని అమలు చెయ్యమనే గదా మీవాళ్ళంతా ధర్నాలు చేసేది. ఆ రూల్స్‌లో యాడో ఒకచోట శిక్షల లిస్టు ఉంటది. మందలింపు, ఇంక్రిమెంటు ఆపడం, నష్టం రికవరీ, కింది స్థాయికి దించడం, తొలగింపు ఇట్టాంటివి. ఆ లిస్టులో లేని శిక్ష వేసే అధికారం ఎవరికీ ఉండదు. 2012లో విజయ్ సింగ్ అని యూపీలో ఒక ఎస్సై కేసులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది, ఆయనకి ఆ ఏడాది నిజాయితీ సర్టిఫికెట్ ఆపేస్తే రూల్స్‌లో అట్టాంటి శిక్షే లేదు కాబట్టి చెల్లదు అని కొట్టేసింది. నీ ఫోటో నోటీసు బోర్డులో పెట్టడం ఏ రూల్లో ఉందో ఒకసారి రాతపూర్వకంగా అడుగు, జవాబు రాదు. ఊళ్ళో పరువు తియ్యడానికి పెట్టింది అది, ముందు దాన్ని పీకించు. పీకే లోపల ఫోన్లో తేదీ పడేట్టు ఫోటో తీసి పెట్టుకో, పక్కన ఇంకో మనిషిని కూడా చూపించి తియ్యి.

ఇంక అటెండర్ సంగతి. ఇది నాకు నిజంగా నవ్వొచ్చింది, కోపం కూడా వచ్చింది. నువ్వు చేరడమే క్లర్క్‌గా చేరుంటే నిన్ను దాని కిందికి దించడం కుదరదు. న్యాదర్ సింగ్ కేసు, 1988, సుప్రీంకోర్టు. ప్రమోషన్ మీద పైకి పోయినోణ్ణి పాత పోస్టుకి దించొచ్చు గానీ, నేరుగా ఏ పోస్టులో తీసుకున్నారో ఆ పోస్టుకన్నా కింది పోస్టులోకి తొయ్యడం అంటే అది దించడం కాదు, కొత్త ఉద్యోగంలో వెయ్యడం. అది కేంద్ర ప్రభుత్వ ఉద్యోగుల రూల్ మీద వచ్చిన తీర్పే అయినా అందులో ఉన్న లాజిక్కు నీకూ పనికొస్తది. కానీ నువ్వు అటెండర్‌గా చేరి తర్వాత క్లర్క్ అయినావా, క్లర్క్‌గానే చేరినావా నాకు రాయలేదు, అది చాలా ముఖ్యం.

ఇంక్రిమెంట్ల విషయానికొస్తే, "మూడే గదా" అని మీ ఛైర్మన్ అనుంటాడు. శాశ్వతంగా అని రాస్తే అది మూడేళ్ళ డబ్బు కాదు, రిటైరయ్యేదాకా ప్రతి నెలా బేసిక్‌లో ఆ మూడు మెట్లు తక్కువే, దాని మీద వచ్చే డీఏ తక్కువే, చివర్లో గ్రాట్యుటీ లెక్క కూడా ఆ తగ్గిన జీతం మీదే. అందుకే 1990లో కుల్వంత్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు తాత్కాలికంగా ఇంక్రిమెంటు ఆపడం వేరు, శాశ్వత ప్రభావంతో ఆపడం వేరు, రెండోది పెద్ద శిక్షే, పూర్తి ఎంక్వైరీ లేకుండా వెయ్యకూడదు అనింది. పంజాబ్ ఉద్యోగి కేసు అది. కమిటీలకి ఈ తేడా తెలీదో, తెలిసీ తెలియనట్టు ఉంటారో గానీ చిన్న శిక్ష మాదిరి రాసి పెద్ద దెబ్బ కొడతారు.

అయితే పూర్తి ఎంక్వైరీ అంటే ఏందీ అనేదే అసలు సంగతి, నీ కేసులో బలమంతా ఇక్కడే ఉంది కాబట్టి కొంచెం ఓపిగ్గా చదువు.

ఛార్జి మెమోలో ఏ తేదీన, ఏ లాట్‌లో, ఎన్ని బస్తాలు, స్టాక్ రిజిస్టర్‌లో ఎంత, గోడౌన్‌లో లెక్క పెడితే ఎంత, నువ్వు చేసిన తప్పు ఏంది, అది అజాగ్రత్తా లేక వాడుకున్నావా, ఇవన్నీ ఉండాల. "అవకతవకలకు పాల్పడి" అనే మాటకి ఎవడు మాత్రం ఏం జవాబు చెప్తాడు? అవకతవక అంటే దొంగతనమూ కావచ్చు, కూడిక తప్పూ కావచ్చు. ఛార్జి స్పష్టంగా లేకపోతే మనిషికి సమాధానం చెప్పుకునే అవకాశం ఇవ్వనట్టే లెక్క.

రెండోది, ఛైర్మన్ ఆయనే. నిన్ను ఇంటికి పిలిపించి కాగితం రాయించుకున్నదీ ఆయనే, అంటే రేపు ఆ కాగితం గురించి సాక్ష్యం చెప్పాల్సిందీ ఆయనే, మళ్ళీ ఎంక్వైరీలో కూర్చుని ప్రశ్నలడిగిందీ ఆయనే, శిక్ష మీద సంతకం పెట్టిందీ ఆయనే. 1950ల్లోనే మహమ్మద్ నూహ్ అని ఒక కానిస్టేబుల్ కేసు సుప్రీంకోర్టుకి పోయింది, అందులో ఎంక్వైరీ చేసే ఆఫీసరే మధ్యలో లేచి సాక్ష్యం చెప్పి మళ్ళీ వచ్చి కుర్చీలో కూర్చున్నాడు. తన సాక్ష్యాన్ని తనే నమ్మాలా వద్దా అని తనే తేల్చుకోవడం ఏం న్యాయం అని కోర్టు తప్పు పట్టింది. డెబ్భై ఏళ్ళ నాటి తీర్పు, మన సొసైటీల దాకా ఇంకా రాలా.

మూడోది ఆ ఒప్పుకోలు కాగితం. అది నీ మెడకి చుట్టుకుంటదని నువ్వు వణికిపోతున్నట్టుంది. ఒప్పుకోలు అనేది ఎంక్వైరీలో సాక్ష్యంగా వాడొచ్చు, వాడకూడదని కాదు. కానీ అది ఒక్కటే పట్టుకుని తేల్చెయ్యడం కుదరదు. రూప్ సింగ్ నేగి అని పంజాబ్ నేషనల్ బ్యాంక్ ప్యూను కేసులో పోలీసుల దగ్గర ఒప్పుకున్నాడన్న కాగితం పెట్టి డిస్మిస్ చేస్తే సుప్రీంకోర్టు ఒప్పుకోలా, కాగితాలు ఊరికే ఫైల్లో పెడితే రుజువు కాదు, వాటిని ఎవరో ఒకరు సాక్షిగా వచ్చి నిరూపించాల అనింది. నువ్వు ఇప్పటికైనా ఒక లెటర్ రాయి, ఫలానా తేదీన ఛైర్మన్ గారి ఇంట్లో, ఇంతమంది ఉండగా, ఫలానా విధంగా భయపెట్టి రాయించారు, అది నేను ఇష్టపూర్వకంగా రాసింది కాదు అని. లేటుగా రాసినా రాయకపోవడం కన్నా మేలు. లేనిది మాత్రం కల్పించి రాయబాక, గట్టిగా అడిగితే గట్టిగా అడిగారనే రాయి, కొట్టకపోతే కొట్టారని రాయొద్దు.

నాలుగోది సాక్షులు, రికార్డులు. యూరియా అమ్మకం ఈపాస్ మిషన్‌లో ఆధార్ వేలిముద్ర మీద జరగాల గదా. కానీ సీజన్లో ఏం జరుగుతదో నీకూ తెలుసు నాకూ తెలుసు, లారీ రాగానే రైతులు తోసుకుంటారు, సర్వర్ తిరగదు, ముందు బస్తా ఇచ్చేసి చీటీ మీద రాసుకుని రాత్రికి ఎంట్రీ కొడతారు, అందులో కొన్ని పడతాయి కొన్ని పడవు. ఛైర్మన్ మనిషికి, ఫలానా నాయకుడి పొలానికి అని నాలుగు బస్తాలు ముందే పోతాయి, డబ్బు తర్వాత. ఇదంతా అజాగ్రత్త కావచ్చు, రూల్ తప్పడం కావచ్చు, కానీ దొంగతనం కాదు. నువ్వు ఎంక్వైరీలో అడగాల్సింది మిషన్‌లో ఉన్న అమ్మకాల రిపోర్టు, సంఘానికి ఎరువులు పంపే మార్క్‌ఫెడ్ నుంచి వచ్చిన ఇన్వాయిసులు, దించుకున్నప్పుడు తడిసిన, చిరిగిన బస్తాల నోటు, స్టాక్ రిజిస్టర్, రోజువారీ క్యాష్ పుస్తకం, గోడౌన్ రెండో తాళం ఎవరి దగ్గర ఉండిందో దాని వివరం. స్టాక్ లెక్కపెట్టినప్పుడు నువ్వు అక్కడ ఉన్నావా, పంచనామా రాశారా, సంతకాలు ఎవరివి? ఇవి అడిగినా ఇవ్వకుండా తేల్చేస్తే ఎంక్వైరీ అక్కడే చెడిపోతది. నీ తరఫున సాక్షుల్ని పిలిచే అవకాశం, వాళ్ళ సాక్షుల్ని నువ్వు ప్రశ్నించే అవకాశం కూడా ఇయ్యాల.

ఐదోది, ఎంక్వైరీ అయినాక రిపోర్టు కాపీ నీకు ఇచ్చి, దాని మీద నీ మాట విని, అప్పుడు శిక్ష గురించి ఆలోచించాల. 1993లో ఈసీఐఎల్ వర్సెస్ కరుణాకర్ అని మన హైదరాబాద్ కంపెనీ కేసులోనే సుప్రీంకోర్టు ఐదుగురు జడ్జిలు కూర్చుని చెప్పారు, ప్రభుత్వమైనా ప్రైవేటైనా రిపోర్టు ఇవ్వాల్సిందే అని. నీకు ఇవ్వలేదనే అనుకుంటున్నా, ఎందుకంటే రిపోర్టనేది ఒకటి ఉంటే గదా ఇచ్చేది. అయితే ఇక్కడ ఒక మెలిక ఉంది, అదే తీర్పులో రిపోర్టు ఇవ్వకపోవడం వల్ల నీకు నిజంగా నష్టం జరిగిందా అని కూడా చూడాల అన్నారు, జరిగుంటే రిపోర్టు ఇచ్చే దశ నుంచి మళ్ళీ మొదలుపెట్టొచ్చు అన్నారు. అంటే కేసు మొత్తం ఎగిరిపోతదని అనుకోబాక.

ఏడు నెలల జీతం మాట. నోటిమాటతో "రావద్దు" అంటే అది సస్పెన్షన్ కాదు, పనికి రానివ్వకపోవడం, దానికి పూర్తి జీతం అడిగే హక్కు నీకుంది. సస్పెన్షనే అని వాళ్ళు వాదించినా జీవన భత్యం ఇచ్చి తీరాల. మామూలుగా మొదట సగం జీతం, విచారణ సాగే కొద్దీ అది పెరగాల, కార్మిక చట్టాల్లో ఉన్నది మొదటి 90 రోజులకి సగం, ఆ తర్వాత నీ వల్ల లేటు కాకపోతే ముప్పావు. ఇది చిన్న విషయం కాదు. భారత్ గోల్డ్ మైన్స్‌లో పాల్ ఆంటోనీ అనే సెక్యూరిటీ ఆఫీసర్‌కి భత్యం ఇవ్వకపోతే కేరళ నుంచి కోలార్ గనుల దాకా ఎంక్వైరీకి పోవడానికి కూడా డబ్బు లేక పోలేకపోయాడు, ఆయన రాలేదని వాళ్ళు ఏకపక్షంగా తేల్చేశారు, 1999లో సుప్రీంకోర్టు ఆ ఎంక్వైరీ మొత్తం కొట్టేసింది. నిన్ను ఆకలితో మాడ్చి ఒప్పుకోమనడం కూడా ఒకరకంగా శిక్షే, అది ఏ లిస్టులోనూ లేదు. సస్పెన్షన్ ఎంతకాలం అనేదానికి 2015లో అజయ్ కుమార్ చౌదరి కేసులో మూడు నెలల లోపల ఛార్జి షీటు ఇవ్వకపోతే పొడిగించకూడదు అన్నారు, తర్వాత వచ్చిన తీర్పుల్లో దాన్ని గుడ్డిగా అన్నిటికీ పెట్టొద్దని కూడా అన్నారు కాబట్టి అదొక్కటే పట్టుకుని కూర్చోబాక.

రికవరీ దగ్గరికొద్దాం. యూరియా 45 కిలోల బస్తా ధర 266 రూపాయల 50 పైసలు. 42 బస్తాలకి 11,193 అవుతది. మీ కమిటీ 400 లెక్క ఎక్కడిది? నాకు తెలిసి ఆ రేటు బ్లాకులోనే ఉంటది, అంటే మా ఊళ్ళో యూరియా బ్లాకులో ఇంతకి పోతదని వాళ్ళే సంతకం పెట్టి ఒప్పుకున్నట్టు, ఆ ఆర్డర్ కాపీ జాగ్రత్త తమ్ముడూ, వ్యవసాయ శాఖ వాళ్ళకి పనికొచ్చే కాగితం అది. రికవరీ అనేది జరిగిన నష్టానికి మించి ఒక్క పైసా కూడా ఉండకూడదు, నీ అజాగ్రత్త వల్లే నష్టం వచ్చిందని తేలాల, కోసే ముందు నీ మాట వినాల, నెలనెలా జీతంలో అన్ని కోతలూ కలిపి సగానికి మించకూడదని కొత్త జీతాల చట్టం, వేజెస్ కోడ్‌లో ఉంది. నీ పీఎఫ్ జోలికి ఎట్టా రాలేరు.

గ్రాట్యుటీ గురించి వాళ్ళు రాసింది ఉత్త బెదిరింపే. పాత 1972 గ్రాట్యుటీ చట్టంలో సెక్షన్ 4(6) ఏం చెప్పిందంటే, అజాగ్రత్త వల్ల యాజమాన్యం ఆస్తికి నష్టం చేశాడని ఉద్యోగంలో నుంచి తీసేస్తే, ఆ నష్టం ఎంతో అంతవరకే గ్రాట్యుటీలో పట్టుకోవచ్చు. హింస, గొడవ, నీతిబాహ్యమైన నేరం లాంటివాటికి తీసేస్తే మొత్తం గానీ కొంత గానీ పోవచ్చు. కొత్త సోషల్ సెక్యూరిటీ కోడ్‌లో కూడా ఇదే. మొదటి షరతే ఉద్యోగం నుంచి తీసెయ్యడం. నిన్ను తియ్యలా, అటెండర్‌గా కూర్చోబెట్టారు, మళ్ళీ నష్టం జీతంలో రికవరీ కూడా చేస్తున్నారు. ఇంకేం గ్రాట్యుటీ ఆపేది?

ఇప్పుడు నీకు ఇబ్బంది కలిగించే సంగతి. మనవాళ్ళు చాలామంది "పదకొండు వేలకే ఇంత శిక్షా, కోర్టు కనికరిస్తది" అనుకుంటారు. శిక్ష తప్పుకి తగ్గట్టు ఉండాల అనే సూత్రం ఉంది, అంతరాత్మ ఉలిక్కిపడేంత ఎక్కువుంటే హైకోర్టు జోక్యం చేసుకుంటది, లేబర్ కోర్టుకైతే డిస్మిస్‌ని తగ్గించే అధికారం 1971 నుంచే చట్టంలో ఉంది. కానీ డబ్బు గానీ సరుకు గానీ వాడుకున్నావని తేలితే ఆ సూత్రం నిన్ను కాపాడదు. 2000లో దక్షిణ కన్నడ జిల్లా సహకార హోల్‌సేల్ స్టోర్స్, జనతా బజార్ అంటారు, ఆ ఉద్యోగుల కేసులో లేబర్ కోర్టు జాలిపడి మళ్ళీ ఉద్యోగంలోకి తీసుకోమంటే సుప్రీంకోర్టు ఒప్పుకోలా, వాడుకోవడం రుజువైతే మొత్తం చిన్నదా పెద్దదా అని చూడక్కర్లేదు, జాలి చూపించక్కర్లేదు అనేసింది. అది కూడా మీలాంటి సహకార సంస్థే. అందుకే నేను ఛార్జిలో "అజాగ్రత్త" అని ఉందా "వాడుకున్నాడు" అని ఉందా తేల్చమని అంతగా పట్టుబడతా. "సరేలే డబ్బు కట్టేస్తా, వదిలెయ్యండి" అని రాసిచ్చేవాళ్ళని చాలామందిని చూశా, ఆ ఒక్క కాగితం తర్వాత వాడుకున్నట్టు ఒప్పుకోలుగా మారిపోతది. కట్టాల్సి వస్తే "నా హక్కులకి భంగం లేకుండా, అభ్యంతరంతో కడుతున్నా" అని రాసి కట్టు.

మీ సెక్రటరీ గారి సంగతి వేరు. రిటైరైనాక క్రమశిక్షణ చర్య మొదలుపెట్టాలన్నా, సాగదియ్యాలన్నా రూల్స్‌లో దానికి ప్రత్యేకంగా అధికారం రాసుండాల. 2014లో దేవ్ ప్రకాశ్ తివారీ అని యూపీ సహకార ఉద్యోగి కేసులోనే సుప్రీంకోర్టు, రూల్ లేకపోతే రిటైర్మెంటు తర్వాత ఎంక్వైరీ నడపకూడదు, ఆయనకి రావాల్సినవన్నీ ఇచ్చెయ్యండి అనింది. కానీ ఆయన్ని మరీ నిశ్చింతగా పడుకోవద్దని చెప్పు, మన 1964 సహకార చట్టంలో సెక్షన్ 60 అని సర్‌ఛార్జి ఉంది, అది పాత ఉద్యోగుల మీద కూడా పెట్టొచ్చు, సంఘం డబ్బు పోయిందని తేలితే కట్టమని సహకార శాఖ ఆర్డర్ వేస్తది. దానిక్కూడా ముందు వినాల, దాని మీద ట్రిబ్యునల్‌కి అప్పీలుంది. నీ మీద కూడా రావొచ్చు అది, వస్తే గడువు దాటనియ్యకుండా జవాబు ఇవ్వు.

ఇంక యాడికి పోవాల అన్నావు. మన వాళ్ళు తప్పు గుమ్మం తట్టి ఏళ్ళు పోగొట్టుకునేది ఇక్కడే. సహకార చట్టం సెక్షన్ 61 కింద రిజిస్ట్రార్ దగ్గర, అంటే సహకార శాఖ పెద్ద దగ్గర, డిస్ప్యూట్ (వివాదం) వేద్దాం అంటారు కొందరు. 1969లో మన రాష్ట్రం కోఆపరేటివ్ సెంట్రల్ బ్యాంకుల కేసులోనే సుప్రీంకోర్టు సర్వీస్ కండిషన్ల గొడవ సంఘం వ్యాపారానికి సంబంధించిన డిస్ప్యూట్ కిందికి రాదు, అది ఇండస్ట్రియల్ ట్రిబ్యునల్ పని అనింది. అదే తీర్పులో బైలాలకి చట్టంతో సమానమైన బలం లేదు అని కూడా చెప్పారు. దాని ప్రభావం రిట్ల మీద, అంటే నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్ల మీద పడింది, 1990లో కోనసీమ కోఆపరేటివ్ సెంట్రల్ బ్యాంక్ కేసులో మన హైకోర్టు ఫుల్ బెంచి, సొసైటీ మీద రిట్ మామూలుగా రాదు, చట్టం చెప్పిన బాధ్యతని తప్పితే వస్తది, కేవలం బైలా తప్పితే రాదు అని గీత గీసింది. అందుకే "రేపే హైకోర్టులో రిట్ వేస్తా" అని ఫీజు అడిగే లాయరు ఎవరైనా కనిపిస్తే ఈ రెండు తీర్పుల గురించి అడుగు, ఏమంటాడో చూడు.

నీకు సరైన దారి లేబర్ డిపార్ట్‌మెంట్. నువ్వు క్లర్క్‌వి, అంటే కార్మికుడి కిందికి వస్తావు, అదే సెక్రటరీ అయితే మేనేజ్‌మెంట్ పని అని వాదిస్తారు. కానీ ఇక్కడ ఒకటి చూసుకో, ఉద్యోగం తీసేస్తే ఒక్కడివే పోయి కేసు వేసుకోవచ్చు, షాప్స్ చట్టం 1988 కింద అప్పీలు కూడా ఉంది. ఇంక్రిమెంటు కోతకీ పోస్టు దింపడానికీ మాత్రం ఒక్కడివే పోతే చాలదు, యూనియన్ గానీ తోటి ఉద్యోగులు గానీ నీ తరఫున డిస్ప్యూట్ లేవనెత్తాల, పాత చట్టంలో అంతే, కొత్త ఇండస్ట్రియల్ రిలేషన్స్ కోడ్‌లో కూడా అంతే. అందుకని నెల్లూరులో మీ సహకార ఉద్యోగుల యూనియన్ వాళ్ళని ఇప్పుడే పట్టుకో, చందా కట్టకుండా తిరిగేవాడివైతే ముందు చందా కట్టు. లేబర్ కోర్టులో ఇంకొక లాభం, అక్కడ గెలిస్తే ఉద్యోగంలోనే తిరిగి పెట్టించొచ్చు, సివిల్ కోర్టులో అయితే మహా అయితే నష్టపరిహారం. ఒక చిక్కు కూడా ఉంది, ఎంక్వైరీ సరిగ్గా లేదని తేలినా యాజమాన్యం లేబర్ కోర్టులోనే కొత్తగా సాక్ష్యం పెట్టుకోవచ్చు. కాబట్టి ఎంక్వైరీ తప్పులే కాదు, ఆ 42 బస్తాలు యాడికి పోయినాయో నీ దగ్గర కూడా లెక్కుండాల.

ఈలోగా జిల్లా సహకార అధికారి ఆఫీసులో అర్జీ పెట్టు, ఖర్చు ల్యా. ఆడిట్ రిపోర్టు, ఇన్‌స్పెక్షన్ కాగితాలు కావాలంటే సంఘానికి ఆర్టీఐ వేసి ఉపయోగం లేదు, 2013లో తలప్పాలం బ్యాంక్ కేసులో సొసైటీలు ఆర్టీఐ కిందికి రావు అన్నారు, కానీ రిజిస్ట్రార్ వస్తాడు, చట్టప్రకారం ఆయన తెప్పించుకోగలిగిన కాగితం ఆయన ద్వారా అడగొచ్చు అని కూడా అన్నారు. కాబట్టి సహకార శాఖకి వెయ్యి.

కోర్టుకి పోతే ఉద్యోగం పీకుతాం అన్నారా, ఆ మాట అన్నది ఎవరు, ఎప్పుడు, ఎవరి ముందర అనేది ఒక పుస్తకంలో రాసి పెట్టుకో. తన హక్కు కోసం పోవడం తప్పు కింద రాదు. ఒక తప్పుకి శిక్ష వేసేసినాక అదే తప్పుకి మళ్ళీ ఇంకో శిక్ష వెయ్యరాదు, ఎంక్వైరీ మనకి నచ్చినట్టు రాలేదని మళ్ళీ మళ్ళీ కొత్త ఎంక్వైరీలు పెట్టడాన్ని 1971లోనే కేఆర్ దేబ్ కేసులో సుప్రీంకోర్టు తప్పు పట్టింది.

ఈ వారంలో సంఘానికి స్పీడ్ పోస్టులో ఒక లెటర్ పంపు, అందినట్టు రుజువు వచ్చేట్టు. అందులో సర్వీస్ రూల్స్ కాపీ, శిక్ష వేసిన కమిటీ తీర్మానం కాపీ, ఎంక్వైరీ రిపోర్టు కాపీ, పైన చెప్పిన స్టాక్ రికార్డులు అడుగు, ఏడు నెలల జీతం అడుగు, ఫోటో తియ్యమని అడుగు, రూల్స్‌లో అప్పీలు ఉంటే ఆ గడువు దాటకుండా అప్పీలు కూడా పెట్టు. అటెండర్ డ్యూటీకి పోవడం మానబాక, మానితే గైర్హాజరు అని ఇంకో మెమో తయారు చేస్తారు, "అభ్యంతరంతో చేరుతున్నా" అని రాసిచ్చి చేరు. కొత్త కాగితం ఏది పెట్టినా కాపీ ఇవ్వకుండా సంతకం పెట్టొద్దు. నీ అపాయింట్‌మెంట్ ఆర్డర్ వెతికి అందులో పోస్టు పేరు ఏమని ఉందో చూసి నాకు రాయి, అది తెలిస్తే అటెండర్ విషయంలో అప్పీలు ఎట్టా రాయాలో చెప్తా.